పద్నాలుగు కిలోల పిండి

మెయిన్ వీధికి పాలస్తీనా పేరు తగిలించిన వేసవి అది. మేయరు వచ్చి బోర్డు మీది గుడ్డ లాగాడు. కుర్రాళ్ళు డప్పులు కొట్టారు. మిఠాయి కొట్టువాళ్ళు పళ్ళేలకి పళ్ళేలు కునాఫా ఉచితంగా పంచారు. న్యూయార్క్ పక్కనున్న మా పాటర్సన్‌లో దక్షిణం వైపు ఉండే పాలస్తీనావాళ్ళందరూ ఆ స్తంభం కింద నిలబడి ఫొటోలు దిగారు. మా నాన్న మాత్రం దిగలేదు. "ఊరు పోగొట్టుకున్నవాళ్ళకి వీధి ఇచ్చి చప్పట్లు కొట్టించుకుంటున్నారు" అని గొణుక్కుంటూ ఇంటికి వచ్చేశాడు. ఆ వేసవిలో ఆయన నోట వచ్చిన మాటల్లో చాలాకాలం వరకు నాకు నచ్చింది అదొక్కటే.

మా అన్న లబీబ్‌కి దశ తిరిగింది కూడా అప్పుడే. పదేళ్ళపాటు వాడు న్యూయార్క్ క్లబ్బుల్లో మైకు పట్టుకుని ఒంటరిగా నిలబడి తాగుబోతుల్ని నవ్వించాడు. మధ్యమధ్యలో సినిమాల్లో వేషాలు. బాంబు పెట్టేవాడు, టాక్సీవాడు, మళ్ళీ బాంబు పెట్టేవాడు. ఒక సినిమాలో అయితే మూడో నిమిషంలోనే చచ్చిపోయాడు. దానికి కూడా మా వీధంతా టిక్కెట్లు కొనుక్కుని వెళ్ళింది. వాడు చచ్చిపోగానే ఇరవై మందిమి లేచి బయటికి వచ్చేశాం, హాల్లో మిగతావాళ్ళకి ఏమైందో అర్థం కాలేదు.

అలాంటివాడికి ఒక టీవీ చానెల్ గంట సేపు ఇచ్చింది. జూలైలో బ్రూక్లిన్‌లో రికార్డింగు, సెప్టెంబరు చివర ప్రసారం. చానెల్ తరఫున మెరెడిత్ అనే ఆవిడ వచ్చేది. సన్నగా, మెత్తగా మాట్లాడుతూ, ఏం చెప్పినా ముందు "అద్భుతం" అనేది. జూన్‌లో క్లబ్బులో ఒక సాయంత్రం కెమెరాలు పెట్టి రిహార్సల్‌గా తీస్తామని చెబితే, మా ఇంటిల్లిపాదీ వెళ్ళాం.

లబీబ్ నీలం చొక్కా వేసుకుని వచ్చాడు. ఆఖర్న అమ్మ సంగతికి వచ్చాడు.

"నేను పుట్టగానే మా అమ్మ పేరు పోయింది. మాలో అంతే. పెద్ద కొడుకు పుట్టాడంటే తల్లి పేరు కొట్టేసి కొడుకు పేరు తగిలిస్తారు. ఉమ్మ్ లబీబ్, అంటే లబీబ్ వాళ్ళమ్మ. పాపం ఊరు పోయింది, ఇల్లు పోయింది, ఆవిడకి మిగిలింది ఒక్క పేరు. అదీ నేనొచ్చి ఆక్రమించుకున్నాను. పుట్టిన రోజునే!"

జనం పడీ పడీ నవ్వారు. అప్పుడు పిండి కథ ఎత్తుకున్నాడు.

"బేరూత్‌లో మా శరణార్థి శిబిరం చుట్టూ తుపాకులు పెట్టుకుని కూర్చున్నారు. నెలల తరబడి లోపలికి తిండి లేదు. మగాడు బయటికొస్తే కాల్చేస్తారు. ఆడవాళ్ళని మాత్రం ఒక్కోరోజు వదుల్తారు. అమ్మకి ఇరవై ఏళ్ళు. బయటికెళ్ళింది. పద్నాలుగు కిలోల పిండి కొంది. సంచుల్లో పోసి నడుముకి కట్టుకుని పైన వదులు గౌను వేసుకుంది. నిండు చూలాలు! రొప్పుకుంటూ కాపలా దగ్గరికొచ్చింది. తుపాకీవాడు 'ఎన్నో నెల?' అన్నాడు. 'తొమ్మిది' అంది. వాడు కడుపు మీద చెయ్యేశాడు."

ఇక్కడ లబీబ్ చెయ్యి గాల్లో ఆపి, కళ్ళు పెద్దవి చేసి, చాలాసేపు ఊరుకున్నాడు.

"'కదుల్తున్నాడు!' అన్నాడు. పిండి, స్వామీ, పిండి! 'అబ్బాయే, దేవుడు చల్లగా చూడాలి' అని దీవించి పంపించాడు. అమ్మ లోపలికెళ్ళింది. కాన్పు తేలిగ్గా అయిపోయింది. నలభై రొట్టెలు!"

హాలు హోరెత్తిపోయింది. నా పక్కన అమ్మ అందరికన్నా ముందు నవ్వింది. నాన్న లేచి, కుర్చీల మధ్యనుంచి మోకాళ్ళు తగిలించుకుంటూ బయటికి వెళ్ళిపోయాడు.

అందులో కొత్తేమీ లేదు. ఆ కథ లబీబ్‌ది కాదు, అమ్మదే. పెళ్ళిళ్ళలో, పండగల్లో, బియ్యం కూరి ద్రాక్షాకులు చుట్టేటప్పుడు, ఆవిడే చెప్పి పదిమందిని నవ్వించేది. నా చిన్నప్పుడు పిండి ఏడు కిలోలే ఉండేది. ఏటా పెరిగి పద్నాలుగైంది. అమ్మ కథ మొదలెట్టగానే నాన్న సిగరెట్టు తీసుకుని మేడ మెట్ల మీదికి పోయేవాడు. మేం ఆయనకి విని విని విసుగనుకునేవాళ్ళం.

విసుగు కాదని ఇంట్లో పిల్లల్లో నా ఒక్కదానికే తెలుసు. ఏడాది కిందట నా కూతురు తాలా పుట్టినప్పుడు నాకు పాలు పడలేదు. బిడ్డ గుక్కపట్టి ఏడుస్తుంటే అమ్మ తలుపు గడియ వేసి, మంచం మీద నా పక్కన కూర్చుని చెప్పింది. ఆ సంచుల్లో ఉన్నది పిండి కాదు, పాలపొడి. శిబిరంలో ఆవిడకో మగబిడ్డ ఉన్నాడు. తిండి లేక ఆవిడకి పాలు ఎండిపోయాయి. నాన్న బయటికి పోతే బతకడు కాబట్టి, బిడ్డని ఆయన చేతుల్లో పెట్టి ఆవిడ వెళ్ళింది. కాపలావాళ్ళు వెంటనే వెనక్కి రానివ్వలేదు. వచ్చేసరికి బిడ్డ లేడు. "ఇది నీతోనే ఉండాలి" అని ఒట్టు వేయించుకుంది. బిడ్డ పేరు కూడా చెప్పలేదు.

రిహార్సల్ అయిన మర్నాడు భోజనాల దగ్గర నాన్న తల ఎత్తకుండా అన్నాడు.

"ఆ పిండి కథ తీసెయ్."

"ఆఖరిదా?" లబీబ్ నవ్వాడు. "యాబా, షో అంతా దానిమీదే నిలబడింది. మెరెడిత్ ఏమందో తెలుసా? నాకదే ప్రాణమంది."

"దాని ప్రాణం సంగతి నాకెందుకు? తీసెయ్."

"ఎందుకు?"

"ఇంట్లో చెప్పుకునేది ఇంట్లో ఉండాలి."

"అమ్మ సగం పాటర్సన్‌కి చెప్పింది యాబా! దంతాల డాక్టరు కుర్చీలో నోరు తెరుచుకుని కూడా చెప్పింది. మనవాళ్ళు నవ్వొచ్చు, వాళ్ళు నవ్వకూడదా?"

"నేను చెప్పాల్సింది చెప్పాను."

"నువ్వేం చెప్పలేదు. ఎప్పుడూ ఏమీ చెప్పవు. అదే కదా నీతో వచ్చిన చిక్కు."

నాన్న చేతిలో రొట్టె ముక్క పళ్ళెంలో పెట్టి లేచిపోయాడు. ఆ రోజు నుంచి లబీబ్ ఉన్న బల్ల దగ్గర ఆయన కూర్చోలేదు. మాది రెండంతస్తుల ఇల్లు. కింద అమ్మానాన్నా, పైన లబీబ్. విడాకులయ్యాక వాడక్కడే ఉంటున్నాడు. నా ఇల్లు రెండు వీధుల అవతల. పైన వాడు అటూ ఇటూ తిరుగుతూ మాటలు వల్లె వేస్తుంటే, కింద నాన్న టీవీ గొంతు పెంచేవాడు. వాడు ఇంకా గట్టిగా నడిచేవాడు. ముప్ఫై మూడేళ్ళవాడొకడు, అరవై దాటినాయన ఒకడు.

నాకు ఇద్దరి మీదా ఒళ్ళు మండేది. అమ్మ మీద ఇంకా ఎక్కువ మండేది. వంటింట్లో ద్రాక్షాకులు చుడుతూ కూర్చున్న మనిషిని పట్టుకుని అడిగాను.

"యమ్మా, వాడికి చెప్పెయ్. వాడేం చెడ్డవాడు కాదు. తెలిస్తే వాడే ఆపేస్తాడు."

"చెప్తే మీ నాన్న నా మొహం చూళ్ళేడు."

"ఇప్పుడు చూస్తున్నాడా?"

"ఆకు బిగించి చుట్టు. విడిపోతోంది."

"ఆకు సంగతి తర్వాత! నాన్నకి బాధని తెలిసీ నువ్వు ఇన్నేళ్ళూ పదిమందిలో ఎందుకు చెప్పావు మరి? అందులో నవ్వేముంది?"

అమ్మ చేతిలో ఆకు పక్కన పెట్టింది. "ఏదో ఒకటి చెప్పకపోతే నేనక్కడికి పోయినట్టే ఉండదే. వాడే లేనట్టుంటుంది. పాలని చెప్తే ఏడుస్తారు. పిండని చెప్తే నవ్వుతారు, ఇంకోసారి చెప్పమంటారు. అందుకని పిండి." మళ్ళీ ఆకు తీసుకుంది. "నువ్వు ఒట్టేశావు. గుర్తుంచుకో."

జూలై మొదటి వారంలో లబీబ్ నేను పనిచేసే మందుల షాపుకి పరుగెత్తుకుంటూ వచ్చాడు. మందు కోసం నిలబడ్డ ముసలావిణ్ణి తోసుకుని నా ముందుకి వచ్చి గుసగుసగా అన్నాడు.

"హాజీ దీబ్ ఫోన్ చేశాడు. శుక్రవారం ప్రార్థన అయ్యాక పెద్దమనుషుల్ని తీసుకుని నా ఇంటికొస్తాడట. జాహా అట!"

"నీ ఇంటికా? ఎందుకు?"

"అదే నాకూ అర్థం కాలా. జాహా అంటే మనం పిల్లనడగడానికి ఎవరింటికో పోవాలి గానీ నా ఇంటికొస్తారేంటి? నన్నెవరైనా పెళ్ళికి అడుగుతున్నారా? ఆడపిల్ల తరఫు వాళ్ళు అంత తెగించారా?"

"నీకంత సీను లేదు. ఎవర్నయినా కారుతో గుద్దావా?"

"లేదే!"

ముసలావిడ మా ఇద్దర్నీ మార్చి మార్చి చూసి, "నాన్న పంపిస్తున్నాడు లేరా అబ్బాయ్, ఊరంతా తెలుసు" అంది. "నా మాత్రలివ్వమ్మా."

లబీబ్ మొహం పాలిపోయింది. పగలున్న వాళ్ళ మధ్య, రక్తం కళ్ళజూసిన కుటుంబాల మధ్య రాజీ కోసం పంపే పెద్దమనుషుల్ని మా నాన్న కింది అంతస్తు నుంచి పై అంతస్తుకి పంపిస్తున్నాడు. సొంత కొడుకు దగ్గరికి. నాకు నవ్వాలో, ఇంటికి పోయి ఆయన తలుపు తన్నాలో తెలియలేదు.

శుక్రవారం ఐదుగురు వచ్చారు. ముందు హాజీ దీబ్. మాంసం కొట్టు ఆయనది. నాన్నతోపాటు అదే శిబిరంలో పెరిగినవాడు. వెనక దంతాల డాక్టరు, ఇంకో ముగ్గురు. అందరూ కోట్లు వేసుకుని చెమటలు కక్కుతున్నారు. నాన్న గది ముందునుంచే మెట్లెక్కి పైకి వచ్చారు. ఆయన తలుపు మూసే ఉంది. నేను వంటింట్లో యాలకులు దంచి కాఫీ కాచి, చిన్న కప్పుల్లో పోసి పళ్ళెం పట్టుకెళ్ళాను. అందరూ అందుకుని, ఒక్కరూ పెదవికి తగిలించకుండా, ఎదురుగా బల్ల మీద పెట్టారు. కోరిక తీరేదాకా ముట్టకూడదు. ముట్టకుండా లేచి వెళ్ళారంటే ఆ ఇంటికి అంతకన్నా తలవంపు ఉండదు. నేను వంటింటి గుమ్మంలో నిలబడిపోయాను.

హాజీ దీబ్ దేవుణ్ణి స్మరించి, ప్రవక్తని స్మరించి, మా తాతని పొగిడి, అప్పుడు అసలు విషయానికి వచ్చాడు.

"బాబూ లబీబ్, నీ కాఫీ తాగాలని మాకెంతో ఉంది."

"తాగండి హాజీ, చల్లారిపోతుంది."

"చల్లారనీ. మీ నాన్న కోరిక ఒకటుంది. ఆ పిండి కథ టీవీలో రాకూడదు."

"కారణం చెప్పండి, ఆలోచిస్తాను."

"పెద్దలడిగినప్పుడు కారణం అడక్కూడదు నాయనా."

"మీకు తెలుసా, తెలీదా?"

హాజీ దీబ్ తివాచీ వంక చూశాడు. ఆయనకి తెలుసని నాకు అప్పుడే అర్థమైంది. దంతాల డాక్టరు అందుకున్నాడు.

"ఇందులో తెలీకపోవడానికేముంది లబీబ్? పరాయి మగాడు మీ అమ్మ కడుపు మీద చెయ్యేశాడని లోకమంతా వినాలా? కుటుంబం పరువు అనేదొకటుంటుంది."

ముట్టడి గురించి కాదు, ఆకలి గురించి కాదు, వీళ్ళ బాధంతా చెయ్యి గురించి. ఆ చేతికి ఇన్నేళ్ళ తర్వాత మా అమ్మ జవాబు చెప్పుకోవాలి. పళ్ళెం అతని నెత్తి మీద వేద్దామా అనిపించింది.

"సిగ్గుపడాల్సింది ఆ చెయ్యి వేసినవాడు, మా అమ్మ కాదు డాక్టర్ గారూ" అన్నాడు లబీబ్. ఆ వేసవిలో వాణ్ణి చూసి నేను గర్వపడింది మొదటిసారి అప్పుడు. "ఇదే కారణమైతే నేను తియ్యను. మీ దయ, కాఫీ వదిలేసి వెళ్ళండి. తలవంపులైతే అవనీ."

అప్పుడు నా వెనక, వెనకవైపు మెట్ల తలుపు తెరుచుకుంది. అమ్మ వచ్చింది. ఇంట్లో వేసుకునే చెప్పులతో, తడి చేతులతో, నన్ను పక్కకి తప్పించి మగవాళ్ళ మధ్యకి నడిచింది. హాజీ దీబ్ ముందున్న కప్పు తీసుకుని, నిలబడే తాగేసింది. మడ్డి దాకా తాగి కప్పు బల్ల మీద పెట్టింది.

ఐదుగురూ కప్పు వంక చూస్తూ ఉండిపోయారు. వాళ్ళ నాన్నల కాలంలో గానీ తాతల కాలంలో గానీ ఇలాంటిది జరిగినట్టు లేదు.

"కోరిక నా గురించి కాబట్టి నేనే తాగాను" అంది అమ్మ. "అయిపోయింది. లబీబ్, నువ్వు చెప్పుకో. కానీ చెప్తే సరిగ్గా చెప్పు. అది పిండి కాదు. పాలపొడి."

"పాలపొడా?" లబీబ్ అలవాటు చొప్పున నవ్వాడు. "పాలపొడితో నలభై రొట్టెలెలా..." అని ఆగిపోయాడు. "పాలెవరికి యమ్మా?"

"ఉమ్మ్ లబీబ్, వద్దమ్మా" అన్నాడు హాజీ దీబ్.

అమ్మ ఆయన వైపు తిరిగింది. "హాజీ, నువ్వు నన్నా పేరుతో ఎప్పట్నించి పిలుస్తున్నావు?"

"శిబిరంలో ఉన్నప్పట్నించీ."

"ముట్టడికి ముందా, తర్వాతా?"

"ముందే."

"నేను పుట్టింది ముట్టడి అయిపోయిన రెండేళ్ళకి కదా" అన్నాడు లబీబ్. వాడు ఒక్కొక్కరి మొహమే చూసుకుంటూ వచ్చి చివరికి నా మొహం దగ్గర ఆగాడు.

నాకు బిడ్డ సంగతి తెలుసు. వాడి పేరు నా అన్నకి పెట్టారని తెలియదు. మా తాత పేరది. మొదటి మగబిడ్డకి పెట్టాలి. పెట్టారు. వాడు పోతే, తర్వాతి వాడికి మళ్ళీ అదే పెట్టారు. ఇన్నేళ్ళూ వీధిలో ఎవరు అమ్మని పిలిచినా ఆవిడకి వినబడింది ఎవరి పేరో నాకప్పుడు తెలిసింది.

పెద్దమనుషులు చల్లారిన కాఫీ గబగబా మింగేసి లేచారు. దంతాల డాక్టరు గుమ్మం దాటేటప్పుడు అమ్మకి ఏదో చెప్పబోయి, వంగి చెప్పులేసుకున్నాడు.

వాళ్ళు వెళ్ళాక లబీబ్ వంటింట్లోకి వచ్చి పొయ్యికి అడ్డంగా నిలబడ్డాడు.

"నీకు తెలుసు."

"కొంత."

"నాకెందుకు చెప్పలేదు?"

"చెప్తే స్టేజి మీద పెడతావని."

"అంత నీచుణ్ణా నేను?"

"'కాన్పు తేలిగ్గా అయిపోయింది' అన్నప్పుడు నాన్న ఎలా లేచాడో నీకు కనబళ్ళేదా? ముందు వరసలో తెల్లావిడ నవ్వుతున్న పళ్ళు మాత్రం కనబడ్డాయి."

వాడు చేతికందిన కప్పు గోడకేసి కొట్టాడు. తర్వాత కింద కూర్చుని పెంకులు ఏరాడు. నేను కూడా కూర్చుని ఏరాను. కింద నాన్న టీవీ మోగుతూనే ఉంది.

రికార్డింగు దాకా ఉన్న మూడు వారాలూ లబీబ్ నేల మీద గట్టిగా నడవలేదు. రోజూ కిందికి వచ్చి అమ్మతో కూర్చునేవాడు. ఏం అడిగేవాడో, ఆవిడ ఏం చెప్పేదో నాకు తెలియదు. నాన్న మాత్రం ఆవిడతో కూడా మాటలు తగ్గించాడు. తన చేతిలోంచి ఏదో లాక్కున్నట్టు ఉండేది ఆయన వాలకం. రికార్డింగుకి రమ్మని నేనే పిలిచాను. "నాకు మోకాళ్ళ నొప్పులు" అని గోడవైపు తిరిగి పడుకున్నాడు.

బ్రూక్లిన్ హాలు నిండిపోయింది. లబీబ్ నల్ల చొక్కా వేసుకున్నాడు. ఆఖర్న పాలపొడి అనే చెప్పాడు. తుపాకీవాడు కడుపు మీద చెయ్యేసి "కదుల్తున్నాడు" అన్నప్పుడు జనం అలాగే నవ్వారు. ఆ నవ్వు అయిపోయేదాకా వాడు ఆగాడు.

"ఇన్నాళ్ళూ నేనిక్కడ నలభై రొట్టెలని చెప్పేవాణ్ణి. అది అబద్ధం. పాలు లోపలికి వెళ్ళాయి. తాగాల్సినవాడు అప్పటికే వెళ్ళిపోయాడు. వాడి పేరు లబీబ్. నేను రెండోవాణ్ణి."

అంతే చెప్పి దండం పెట్టి లోపలికి వెళ్ళిపోయాడు. చాలాసేపు హాల్లో ఎవరికీ చప్పట్లు కొట్టాలో వద్దో తెలియలేదు. తర్వాత ఒక మూల ఎవరో లేచి నిలబడ్డారు, మెల్లగా అందరూ లేచారు. అమ్మ చేతిసంచి ఒళ్ళో పెట్టుకుని కూర్చునే ఉంది. "బాగా చెప్పాడు. తొందరపళ్ళేదు" అంది.

లోపల నడవలో మెరెడిత్ కళ్ళు తుడుచుకుంటూ ఎదురొచ్చింది. "అద్భుతం లబీబ్. గుండె పిండేశావు. కానీ మనం చేస్తున్నది నవ్వుల షో కదా. హాలు ఖాళీ అయ్యేలోపు ఒక్కసారి పాతది కూడా చెప్పేస్తావా? ఊరికే, చేతిలో ఉంటుంది."

"చెప్పను."

"సరే, సరే. నీ ఇష్టం" అని వాడి భుజం తట్టింది. ఆ నవ్వు చూసినప్పుడే నాకు అనుమానం రావాల్సింది. పక్కన అమ్మ ఉంది. ఆవిడతో కూడా చెయ్యి కలిపి, "మీరెంత ధైర్యవంతులు!" అని వెళ్ళింది.

సెప్టెంబరు ఆఖరి గురువారం సాయంత్రం కింది అంతస్తులో కాలు పెట్టడానికి చోటు లేదు. అమ్మ మాంసం వేసి వండిన మక్లూబా అన్నం రెండు పెద్ద గిన్నెలు పళ్ళేల్లోకి బోర్లించింది. హాజీ దీబ్ వచ్చాడు, దంతాల డాక్టరు పెళ్ళాంతో వచ్చాడు, ఇరుగుపొరుగు అందరూ గింజలు ఒలుచుకుంటూ నేలమీదే కూర్చున్నారు. నాన్న తన ఇల్లు కాబట్టి తప్పక, తన కుర్చీలో, తలుపు దగ్గరగా కూర్చున్నాడు. లబీబ్ నిలబడే ఉన్నాడు. చానెల్‌వాళ్ళు చిన్న చిన్న కత్తిరింపులేవో ఉంటాయన్నారట.

దాదాపు గంటసేపు బాగానే నడిచింది. నల్ల చొక్కా, బ్రూక్లిన్ హాలు. మనవాళ్ళు తెరమీది జోకుకన్నా ముందే అందుకుని నవ్వుతున్నారు. ఆఖరికి అమ్మ పేరు ఆక్రమించుకున్న మాట వచ్చింది, శిబిరం వచ్చింది. తెరమీద చొక్కా నీలం అయింది.

నాకు ఒక్క క్షణం అర్థం కాలేదు. జూన్‌లో క్లబ్బులో తీసింది. పద్నాలుగు కిలోల పిండి. కదుల్తున్నాడు. కాన్పు తేలిగ్గా అయిపోయింది. నలభై రొట్టెలు. జనం హోరు, సంగీతం, పేర్లు. గదిలో వెనకెక్కడో ఒకరిద్దరు అలవాటుగా నవ్వి, పక్కవాళ్ళు మోచేత్తో పొడిస్తే ఆగిపోయారు.

లబీబ్ ఫోన్ పట్టుకుని మెట్ల మీదికి పోయాడు. వాడి అరుపులు తలుపులోంచి వినబడుతూనే ఉన్నాయి. "ఆ ముగింపు ముందుగా కొంతమంది మనుషులకి చూపిస్తే నచ్చలేదా? ఎవరా మనుషులు? పిలువు వాళ్ళని! మా అమ్మతో చెయ్యి కలిపావు నువ్వు!" అవతలి మాటలు వినపడవు గానీ ఆవిడ "అద్భుతం" అంటూనే ఉండి ఉంటుంది. నేను గిన్నెలు తీసి ఒకదాన్లో ఒకటి పడేస్తున్నాను. ఆ బిడ్డని ఒకసారి తుపాకులవాళ్ళు తీసేశారు. ఇప్పుడు మళ్ళీ తీసేశారు, కత్తెర పట్టుకుని, మర్యాదగా, కళ్ళు తుడుచుకుంటూ. మా నవ్వు వాళ్ళకి కావాలి, దాని కింద ఉన్నవాడు అక్కర్లేదు. ఆ రాత్రి నాకు వచ్చిన కోపం ఇవాల్టికీ దిగలేదు, దించుకునే ఉద్దేశం కూడా నాకు లేదు.

హాజీ దీబ్ మోకాళ్ళ మీద చేతులాన్చి లేచాడు. "పదండర్రా, వాళ్ళని కాసేపు వదిలేద్దాం."

"కూచో దీబ్" అన్నాడు నాన్న.

ఆయన కుర్చీలోంచి లేచి వెళ్ళి టీవీ ఆపేశాడు. తెర ముందు మాకు ఎదురుగా నిలబడ్డాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో ఆయనకి తెలియలేదు. జేబులో పెట్టుకున్నాడు, మళ్ళీ తీశాడు.

"రుదైనా, నీ అన్నని లోపలికి రమ్మను. ఆ ఆడమనిషితో ఏంటి వాడికి? ఫోను పెట్టేసి రమ్మను."

నేను వెళ్ళి లబీబ్ చెయ్యి పట్టుకుని తీసుకొచ్చాను. వాడు గుమ్మం దగ్గరే ఆగాడు. నాన్న వాడివైపు చూశాడు. జూన్ తర్వాత ఆయన వాణ్ణి నేరుగా చూడటం అదే.

"వాళ్ళు తప్పు చెప్పారు" అన్నాడు. "నువ్వు బ్రూక్లిన్‌లో చెప్పింది నిజమే, కానీ సగం. నీకు సగమే తెలుసు. ఎందుకంటే మీ అమ్మకి తెలిసింది సగమే. ఆమె బయటుంది. వాడు నా దగ్గరున్నాడు. మిగతాది నాకొక్కడికే తెలుసు, నేనెవరికీ చెప్పలేదు."

అమ్మ వంటింటి గుమ్మంలో తువ్వాలు పట్టుకుని నిలబడి ఉంది. మెల్లగా వచ్చి, ఆడవాళ్ళు చోటిస్తే, నేలమీద అందరికన్నా ముందు కూర్చుంది. ఇన్నేళ్ళలో ఆయన్ని ఆవిడ ఒక్కసారి కూడా అడగలేదని నాకు తర్వాత తెలిసింది.

నాన్న ఆవిడ వైపు తిరిగాడు.

"అప్పటికి వాడికి నాలుగు పళ్ళొచ్చాయి" అని మొదలుపెట్టాడు.